పాఠములోని జలుబు, పసివాని జలుబు

మానవులకు వచ్చు రోగములలో జలుబంత విరివిగా వచ్చునది మరియొకటి లేదు. దీనినే కొందరు పడిశమనియు, కొందరు రొంప యనియు అందురు. మందు పుచ్చుకొన్నచో వారము దినములలోను, పుచ్చుకొననిచో ఏడు దినములలోను తగ్గునని మనవారు హాస్యముగా చెప్పుకొనుట కలదు. పెద్దవారి విషయమున ఈ హాస్యము చాలవరకు సత్యమే. అందుచేతనే కాబోలు, విజ్ఞానశాస్త్ర పాఠములలో జలుబు భయపడవలసిన పనిలేని వ్యాధికి ఉదాహరణముగా స్థిరపడిపోయినది. అయితే ఆ జలుబు ఎవరికి వచ్చినది? ముప్పది ఏండ్ల మనిషికా, మూడు మాసముల శిశువునకా? ఈ ప్రశ్న వేయని పాఠము సగము పాఠమే యని చూపుట ఈ విమర్శయొక్క ఉద్దేశము.

విమర్శకు తీసికొన్న పాఠము జాతీయ విద్యా పరిశోధన శిక్షణ మండలి, అనగా ఎన్.సి.ఇ.ఆర్.టి. వారు, 2006లో ప్రకటించిన తొమ్మిదవ తరగతి విజ్ఞానశాస్త్ర గ్రంథములోనిది. మనకు జబ్బు ఏల చేయును అనునదే ఆ అధ్యాయమునకు విషయము, శీర్షిక కూడ. దేశములో లక్షలకొలది విద్యార్థులు దానిని చదివిరి. 2022లో పాఠ్యభారమును తగ్గించునపుడు ఆ అధ్యాయమును తొలగించిరి. తొలగిపోయిన పాఠమును ఇప్పుడు విమర్శించుట దేనికని చదువరులు అడుగవచ్చును. పాఠము పుస్తకమునుండి పోయినను, దానిలోని జలుబు బోధననుండి పోలేదు. వ్యాధులను గూర్చి చెప్పునపుడు మన ఉపాధ్యాయులలో చాలమంది ఇప్పటికిని ఆ మార్గముననే నడచుచున్నారు. అంతేకాక, అది మంచి పాఠము. మంచి పాఠములో మిగిలిపోయిన లోపమును ఎత్తి చూపినచో తరువాత వ్రాయువారికి ఉపయోగము కలుగును.

పాఠములోని మేలు

మొదట ఆ పాఠమునకు చెందవలసిన మెప్పు చెప్పవలెను. వ్యాధికి కారణము ఒక్కటే యుండునని అది విద్యార్థిని నమ్మింపదు. విరేచనములు పట్టుకొన్న ఒక పసిబిడ్డను ఉదాహరణముగా తీసికొని, కారణములను మెట్టు మెట్టుగా విచారించును. విరేచనములకు కారణము వైరసు. ఆ వైరసు అపరిశుభ్రమైన నీటినుండి వచ్చినది. అదే నీరు ఎందరో పిల్లలు త్రాగియుండగా ఈ బిడ్డకే ఏల వచ్చినది? ఈ బిడ్డకు సరియైన పోషణ లేదు. పోషణ ఏల లేదు? ఇల్లు పేదది. ఇట్లు సూక్ష్మజీవియొద్ద బయలుదేరి సంఘమువరకు పోవు తర్కము ఉన్నతపాఠశాల పుస్తకములలో అరుదుగా కానవచ్చును.

రెండవ మేలు యాంటీబయాటిక్ మందులను గూర్చిన వివరణ. బాక్టీరియములు తమ చుట్టు ఒక గోడ కట్టుకొనును. పెనిసిలిన్ ఆ గోడ కట్టు పనిని చెరచును. మన శరీరకణములకు అట్టి గోడ లేదు గనుక వానికి ఆ బాధ లేదు. వైరసునకును అట్టి గోడ లేదు గనుక పెనిసిలిన్ దానిని ఏమియు చేయజాలదు. కాబట్టి జలుబుకు యాంటీబయాటిక్ మందు వ్యర్థము. ఇంత తేటగా చెప్పినచో విద్యార్థి ఎన్నటికిని మరువడు.

ఎవరి జలుబు?

ఇక లోపము. పాఠము వ్యాధులను రెండు తెగలుగా విభజించుచున్నది. కొన్ని త్వరగా వచ్చి త్వరగా పోవును; కొన్ని దీర్ఘకాలము నిలుచును. మొదటి తెగకు జలుబును చూపి, మనలో చాలమంది ఒక వారములో కోలుకొందురనియు, దానివలన బరువు తగ్గుట గాని ఆయాసపడుట గాని ఉండదనియు చెప్పును. రెండవ తెగకు క్షయ మొదలగువానిని చూపును. పదునాలుగేండ్ల విద్యార్థి దీనిని తన అనుభవముతో సరిచూచుకొన్నచో నిజముగానే తోచును. కాని అతని ఇంటిలో మూడు మాసముల చెల్లెలు ఉన్నచో, ఆమె విషయమున భయపడవలసినవి సరిగా ఆ రెండే: ఆయాసము వచ్చుట, పాలు త్రాగలేక క్షీణించుట.

అన్నకు వచ్చిన వైరసు వేరు, చెల్లెలికి వచ్చిన వైరసు వేరు అని అనుకొనరాదు. 1956లో అమెరికాలోని వాల్టర్ రీడ్ సైనిక పరిశోధన సంస్థకు చెందిన మారిస్, బ్లంట్, సావేజ్ అను శాస్త్రజ్ఞులు, పడిశము పట్టిన చింపాంజీలనుండి ఒక క్రొత్త వైరసును వేరుచేసినట్లు ప్రకటించిరి. దానికి చింపాంజీ పడిశకారకము అని పేరిడిరి. 1957లో రాబర్ట్ చానక్, ఆయన సహచరులు బాల్టిమోరు నగరములో శ్వాసకోశ వ్యాధితో బాధపడుచున్న ఇద్దరు శిశువులనుండి అదే వైరసును తీసిరి. కోతిజాతికి వచ్చు పడిశమని తలచినది మానవశిశువుల వ్యాధి యని తేలినది. ఈ వైరసు సోకిన కణములు పొరుగు కణములతో కలిసి పెద్ద ముద్దలుగా ఏర్పడును. అట్టి ముద్దకు సిన్సిషియము అని పేరు. అందుచేత దీనిని రెస్పిరేటరీ సిన్సిషియల్ వైరసు అనిరి. సంక్షేపముగా ఆర్.ఎస్.వి. అందురు.

ఆరోగ్యవంతులైన పెద్దవారిలో ఆర్.ఎస్.వి. సాధారణముగా ముక్కు కారించి, నాలుగు దినములు దగ్గించి విడిచిపెట్టును. రెండేండ్లు నిండునప్పటికి దాదాపు ప్రతి శిశువునకును ఇది ఒక్కసారియైనను సోకును. వారిలో చాలమందికి వచ్చునది జలుబే. కొందరిలో మాత్రము అది ముక్కుయొద్ద ఆగక, ఊపిరితిత్తులలోని సూక్ష్మశ్వాసనాళికల వరకు దిగును. 2019వ సంవత్సరమునకు శాస్త్రజ్ఞులు వేసిన అంచనా ప్రకారము, ప్రపంచమున ఐదేండ్ల లోపు పిల్లలలో ఈ వైరసువలన ఊపిరితిత్తుల వ్యాధి 3 కోట్ల 30 లక్షల సార్లు వచ్చెను. 36 లక్షల సార్లు పిల్లలను ఆసుపత్రిలో చేర్పవలసి వచ్చెను. లక్షకు పైగా పిల్లలు మరణించిరి. ఆ మరణములలో సుమారు 45,700 ఆరు మాసములు నిండని శిశువులవే. ఆర్.ఎస్.వి. ఒక్కటియే కాదు, పెద్దవారి జలుబునకు ముఖ్యకారణమైన రైనోవైరసులు కూడ శిశువులలో పిల్లికూతలను, ఆయాసమును కలిగింపగలవు.

జలుబును గూర్చి మనకు అలవాటైన చిత్రము పెద్దవారి చిత్రమగుటకు ఒక కారణము ఉన్నది. 1946 మొదలు 1990 వరకు ఇంగ్లండులోని సాల్స్‌బరీయందు జలుబు పరిశోధనకై ఒక ప్రత్యేక కేంద్రము పనిచేసెను. వేలకొలది స్వచ్ఛంద సేవకులు అచ్చటికి వచ్చి, ముక్కులో వైరసు చుక్కలు వేయించుకొని, పది దినములు విడిగా నివసించిరి. తడిబట్టలతో గాలిలో నిలిచినంతమాత్రమున జలుబు అధికము కాదని అక్కడ ప్రయోగము చేసి చూపిరి. ముక్కులోని చల్లదనమునకు దగ్గరగా, 33 డిగ్రీల సెంటీగ్రేడు వేడిమిలో పెంచినచో రైనోవైరసు బాగుగా వృద్ధిపొందునని 1960లో డేవిడ్ టైరెల్ మొదలగువారు కనుగొనిరి. గొప్ప కృషి. అయితే ఆ సేవకులందరు ఆరోగ్యవంతులైన పెద్దలు. పసిపిల్లలకు ప్రయోగార్థము వ్యాధి అంటించుట ఎట్లును తగదు. కావున ఆ కేంద్రమును తప్పుపట్ట నవసరము లేదు. పెద్దలపై చేసిన ప్రయోగముల ఫలితమును అన్ని వయసులవారికి వర్తింపజేయునట్లు పాఠము వ్రాసినపుడు మాత్రము తప్పు కలుగును.

సన్నని గొట్టము చెప్పు లెక్క

ఒకే వైరసు ఇద్దరిలో ఇంత భిన్నముగా ఏల ప్రవర్తించును? శిశువునకు ఆ వైరసుతో పూర్వపరిచయము లేకుండుట ఒక కారణము. తల్లినుండి సంక్రమించిన ప్రతిరక్షకములు కొన్ని మాసములలో తగ్గిపోవును. రెండవ కారణమును భౌతికశాస్త్రము చెప్పును. దీనిని తరగతిలో నల్లబల్లపై లెక్కవేసి చూపవచ్చును.

సన్నని గొట్టములో నెమ్మదిగా, ఒరవడి చెడక ప్రవహించు ద్రవమునకు గాని వాయువునకు గాని కలుగు నిరోధము, గొట్టపు వ్యాసార్ధముయొక్క నాలుగవ ఘాతమునకు విలోమానుపాతములో ఉండును. 19వ శతాబ్దములో ఫ్రెంచి వైద్యుడు ప్వాజాయ్ కనుగొన్న సూత్రమిది. ఇప్పుడు రెండు గొట్టములను ఊహింపుడు. పెద్దవానిది 8 మిల్లీమీటర్ల వ్యాసము గలది. శిశువుది 4 మిల్లీమీటర్లది. జలుబువలన రెండింటి లోపలి పొరయు చుట్టును 1 మిల్లీమీటరు మందము వాచినదనుకొందము. పెద్దవాని గొట్టపు వ్యాసము 6 మిల్లీమీటర్లకు తగ్గును. నిరోధము మూడు రెట్లకు కొంచెము మించును. శిశువు గొట్టపు వ్యాసము 2 మిల్లీమీటర్లకు తగ్గును. నిరోధము పదునారు రెట్లగును. వాపు ఒక్కటే, కాని ఫలితమునందు ఇంత భేదము. నిజమైన శ్వాసనాళములలో గాలి ప్రవాహము ఇంత సరళముగా ఉండకపోయినను, శిశువునకు గల ప్రమాదము ఏ దిక్కున ఉన్నదో ఈ లెక్క చూపును.

దీనికి తోడు, వైరసు చంపిన కణములును, శ్లేష్మమును కలిసి సూక్ష్మనాళికలలో బిరడావలె అడ్డుపడును. లోనికి పోయిన గాలి బయటికి రాలేదు. శిశువు బలముకొలది ఊపిరి లాగును. మన ఇండ్లలో దీనినే డొక్కలెగురవేయుట అందురు. చిన్న శిశువులు ముఖ్యముగా ముక్కుతోనే ఊపిరి పీల్చుదురు. ముక్కు మూసికొనిపోయినచో పాలు త్రాగుటకును ఊపిరి పీల్చుటకును మధ్య పోరాటము ఏర్పడును. మన పాఠము జలుబులో ఉండవని చెప్పిన రెండు లక్షణములును ఇట్లు ఒకే ఇరుకైన దారినుండి పుట్టుచున్నవి.

చేతులను మరచిన వివరణ

జలుబు, న్యుమోనియా, క్షయ వంటి వ్యాధులు గాలిద్వారా వ్యాపించునని పాఠము చెప్పును. రోగి తుమ్మినపుడును దగ్గినపుడును వెలువడిన తుంపరలను దగ్గర ఉన్నవారు పీల్చుదురు. ఇది సత్యమే, అయినను చాలదు.

అమెరికాలోని రోచెస్టరు నగరమున కరోలిన్ హాల్ అను వైద్యురాలు, ఆమె సహచరులు 1981లో ప్రకటించిన ఒక ప్రయోగమును విద్యార్థులకు చెప్పవలెను. ఆర్.ఎస్.వి. సోకి ఆసుపత్రిలో నున్న శిశువులయొద్దకు పెద్దలైన సేవకులను మూడు విధములుగా పంపిరి. మొదటివారు శిశువును ఎత్తుకొని లాలించిరి. రెండవవారు శిశువు లేనపుడు గదిలోనికి పోయి, శిశువు స్రావములు అంటిన వస్తువులను తాకి, ఆ చేతితో తమ ముక్కును, కన్నును తాకిరి. మూడవవారు శిశువునకు ఆరడుగులకు మించిన దూరమున ఊరక కూర్చుండిరి. ఎత్తుకొన్న ఏడుగురిలో ఐదుగురికి వైరసు సోకెను. వస్తువులను తాకిన పదిమందిలో నలుగురికి సోకెను. దూరమున కూర్చుండిన పదునలుగురిలో ఒక్కరికిని సోకలేదు. సంఖ్యలు చిన్నవే. అయినను ఈ వైరసు చేతులపై ఎక్కి ముక్కునకు, కంటికి ప్రయాణము చేయగలదని ఈ ప్రయోగము స్పష్టముగా చూపినది. గట్టి వస్తువులపై ఇది కొన్ని గంటలు బ్రతికియుండగలదు.

అదే నగరములో 1970 తరువాతి దశకమున కుటుంబములను పరిశీలించినపుడు మరియొక విషయము తేలినది. ఇంటిలోనికి ఈ వైరసును తరచుగా తెచ్చువారు శిశువుయొక్క అన్నలు, అక్కలు. బడికి పోవు బిడ్డ బడినుండి జలుబు తెచ్చుకొనును, చెల్లెలిని ముద్దాడును. జలుబు నిరపాయమని ఏ విద్యార్థికి మనము చెప్పుచున్నామో, ఆ విద్యార్థియే శిశువునకు ఆ వైరసును అందించు చేయి. తొమ్మిదవ తరగతిలో అరువదిమంది ఉన్నచో, వారిలో కొందరి ఇండ్లలోనైనను పసిబిడ్డ ఉండును. జలుబు చేసినపుడు సబ్బుతో చేతులు కడుగుకొనక తమ్ముని ఎత్తుకొనకుము, ముఖముపై ముద్దు పెట్టకుము, దగ్గునపుడు ముఖము త్రిప్పుకొని మోచేయి అడ్డుపెట్టుకొనుము అను మూడు మాటలకు పాఠములో మూడు పంక్తులు చాలును. ఆ మూడు పంక్తులు లేకపోవుట చిన్న లోపముగా నాకు తోచలేదు.

గడియారము చాలు

ఇక జలుబు ఎప్పుడు ప్రమాదమగునో తెలిసికొనుట ఎట్లు? యంత్రములు లేకుండ తెలిసికొనదగిన ఉపాయము ఒకటి ఉన్నది. బిడ్డ ఏడువక నిమ్మళముగా ఉన్నపుడు, ఛాతీ లేచి పడుటను ఒక నిమిషము పూర్తిగా లెక్కింపవలెను. ప్రపంచ ఆరోగ్య సంస్థ నిర్ణయించిన హద్దులివి: రెండు మాసముల లోపు శిశువునకు నిమిషమునకు 60 శ్వాసలు, రెండు మాసములనుండి సంవత్సరము లోపు 50, ఒకటి మొదలు ఐదేండ్ల లోపు 40. ఈ సంఖ్యలకు చేరినను, మించినను శ్వాస వేగమైనట్లే. బిడ్డను వైద్యునకు చూపవలెను. డొక్కలు లోపలికి పోవుచున్నను, పాలు మానినను, మగతగా ఉన్నను, పెదవులు నీలమైనను, మూర్ఛ వచ్చినను క్షణమైన ఆలస్యము చేయక ఆసుపత్రికి పోవలెను. రెండు మాసముల లోపు బిడ్డకు జ్వరము వచ్చినను అంతే.

ఈ చిన్న లెక్కకు ఎంత శక్తి కలదో తెలిసికొనుటకు మనము దూరము పోనవసరము లేదు. తెలంగాణమునకు పొరుగున, గోదావరికి ఆవల, మహారాష్ట్రములోని గడ్చిరోలి జిల్లాలో అభయ్ బంగ్, రాణీ బంగ్ అను వైద్యదంపతులు, వారి సహచరులు గ్రామములోని ఆరోగ్య కార్యకర్తలకును, మంత్రసానులకును న్యుమోనియాను గుర్తించి యాంటీబయాటిక్ మందు ఇచ్చుట నేర్పిరి. అంకెలు రానివారు కూడ శ్వాసలను లెక్కించుటకై పూసలు గల ఒక సాధనమును తయారుచేసిరి. 1990లో లాన్సెట్ పత్రికలో ప్రకటింపబడిన ఫలితముల ప్రకారము, ఆ గ్రామములలో న్యుమోనియావలన పిల్లల మరణములు, పోల్చిచూచిన ఇతర గ్రామములకంటె, నూటికి 54 వంతులు తక్కువయ్యెను. చదువురాని మంత్రసాని నేర్చుకొన్న దానిని తొమ్మిదవ తరగతి విద్యార్థి నేర్చుకొనలేడా? నాడి లెక్కించుట మనము ప్రయోగశాలలో నేర్పుచున్నాము. దానితోపాటు శ్వాసలు లెక్కించుట నేర్పినచో ఒక్క రూపాయి వ్యయము కాదు.

మందుల సంగతి

జలుబుకు యాంటీబయాటిక్ పనిచేయదను పాఠపు మాటకు ఇక్కడ ఒక చిన్న సవరణ అవసరము. గడ్చిరోలిలో ప్రాణములు నిలిపినది యాంటీబయాటిక్ మందే. ఏలయన, అచ్చటి న్యుమోనియాలో చాలభాగము బాక్టీరియములవలన వచ్చునది. వైరసు జలుబునకు ఆ మందు వ్యర్థము. శ్వాస వేగమై, వైద్యుడు బాక్టీరియపు న్యుమోనియా యని తలచినపుడు అదే మందు ప్రాణదాత. పాఠము బాక్టీరియములు తోడైనచో మందు ఉపయోగించునని ఒక మాట అనకపోలేదు. కాని దేనిని చూచి ఆ సందేహము పడవలెనో చెప్పకపోవుటచే, ఆ మాట గాలిలో నిలిచిపోయినది.

ఇండ్లలో నిజముగా విరివిగా వాడునవి దగ్గుమందులు, జలుబు సిరప్పులు. పాఠము వీనిని గూర్చి మాటాడదు. రెండేండ్ల లోపు పిల్లలకు దుకాణములో దొరకు దగ్గు, జలుబు మందులు ఈయవలదని అమెరికా ఔషధ సంస్థ 2008లో హెచ్చరించెను. క్లోర్‌ఫెనిరమిన్, ఫినైలెఫ్రిన్ కలిసిన మిశ్రమమును నాలుగేండ్ల లోపు పిల్లలకు వాడరాదని సీసాపై ముద్రింపవలెనని మన దేశపు ఔషధ నియంత్రణాధికారి 2023 డిసెంబరులో ఆదేశించెను. 2025లో మధ్యప్రదేశములోని ఛింద్వాడా ప్రాంతమున విషపదార్థము కలిసిన దగ్గుమందు త్రాగి ఇరువదిమందికి పైగా పిల్లలు మరణించిరి. కొద్ది దినములలో దానంతటది తగ్గు జలుబుకు ఇచ్చిన మందు ప్రాణములు తీసినదన్నచో అంతకంటె విచారకరమైనది ఏమున్నది?

మన ఇంటి అలవాట్లను కూడ ఇచ్చట పరీక్షింపవలెను. స్నానము చేయించి పసివాని ముక్కులో నూనె చుక్కలు వేయుట కొన్ని ఇండ్లలో ఉన్నది. ఆ నూనె ఊపిరితిత్తులలోనికి దిగి మరియొక విధమైన న్యుమోనియాను కలిగింపగలదు. సాంబ్రాణి పొగయైనను, పొయ్యి పొగయైనను, చుట్ట పొగయైనను శిశువు శ్వాసనాళములకు పొగయే. సంవత్సరము నిండని బిడ్డకు తేనె నాకింపరాదు. అందులో ఉండదగిన ఒక బాక్టీరియపు బీజములు పసివాని ప్రేగులలో విషమును పుట్టింపవచ్చును. శిశువు జలుబునకు చేయవలసినవి కొద్ది: ముక్కును ఉప్పునీటి చుక్కలతో శుభ్రపరచుట, కొద్దికొద్దిగా తరచుగా తల్లిపాలు పట్టుట, శ్వాసను గమనించుట. సూక్ష్మనాళికల వాపు ఎక్కువైనచో ఆసుపత్రిలో ఇచ్చు ముఖ్య చికిత్సయు ప్రాణవాయువు, ద్రవాహారము మాత్రమే.

తప్పిన టీకా

టీకాలను గూర్చి పాఠము చెప్పు విధానము సులభము, సుందరము. రోగకారకమును పోలిన వస్తువును శరీరమునకు ముందుగా పరిచయము చేసినచో, శరీరము దానిని జ్ఞాపకముంచుకొని, అసలు రోగము వచ్చినపుడు ఎదుర్కొనును. మశూచి విషయమున ఇది అక్షరాల నిజమైనది. కాని ఈ సూత్రమును విద్యార్థి ఎల్లయెడల వర్తించు నియమముగా గ్రహించు ప్రమాదము ఉన్నది. దానికి విరుగుడుగా ఆర్.ఎస్.వి. టీకా చరిత్రను చెప్పవలెను.

1960 తరువాతి దశకమున అమెరికాలో, ఫార్మలిన్‌తో చంపిన ఆర్.ఎస్.వి.ని టీకాగా శిశువులకు ఇచ్చి చూచిరి. పోలియో విషయమున ఫార్మలిన్‌తో చంపిన వైరసు అంతకుముందే జయము పొందియుండెను. కావున ఆశ బలముగా ఉండెను. 1966–67 శీతకాలమున వైరసు వచ్చినది. ఒక పరిశోధనలో, వైరసు సోకిన టీకా శిశువులలో నూటికి 80 మంది ఆసుపత్రి పాలైరి. పోల్చిచూచుటకు వేరొక టీకా పొందిన శిశువులలో అట్లు చేరినవారు నూటికి 5 మంది మాత్రమే. టీకా పొందిన ఇద్దరు శిశువులు మరణించిరి. శరీరము జ్ఞాపకముంచుకొన్నది; కాని తప్పు రూపమును జ్ఞాపకముంచుకొన్నది.

ఆ తప్పు రూపమేదో బోధపడుటకు దాదాపు అర్ధశతాబ్దము పట్టెను. వైరసు పైభాగమున ఎఫ్ అను ప్రోటీను ఉన్నది. కణములోనికి చొచ్చుకొనుటకు ముందు దానికి ఒక ఆకారము. చొచ్చుకొన్న పిమ్మట వేరొక ఆకారము. మొదటి ఆకారము నిలుకడ లేనిది. ఫార్మలిన్ టీకాలో శరీరమునకు కనబడినది ముఖ్యముగా రెండవ ఆకారమే. దానికి ఎదురుగా పుట్టిన ప్రతిరక్షకములు వైరసును సరిగా ఆపలేకపోయినవి. 2013లో జేసన్ మెక్‌లెల్లన్, బార్నీ గ్రాహమ్, పీటర్ క్వాంగ్ మొదలగువారు మొదటి ఆకారముయొక్క నిర్మాణమును కనుగొని, దానిని మారకుండ నిలబెట్టు ఉపాయమును కూడ చూపిరి. అటుపిమ్మట పని వేగముగా సాగెను. ఒక్క సూదితో శిశువునకు నేరుగా ప్రతిరక్షకమును అందించు నిర్సెవిమాబ్ అను మందు 2022లో యూరపులోను, 2023లో అమెరికాలోను అనుమతి పొందెను. గర్భిణికి ఇచ్చి, ఆమె ప్రతిరక్షకములను పుట్టబోవు బిడ్డకు చేర్చు టీకా 2023లో వచ్చెను. ఈ రెండు మార్గములను ప్రపంచ ఆరోగ్య సంస్థ 2025లో సిఫారసు చేసెను.

ఈ కథ వినినచో విద్యార్థికి టీకాలయందు విశ్వాసము సడలునేమో యని కొందరు ఉపాధ్యాయులు శంకింపవచ్చును. నా అభిప్రాయము వేరు. పరీక్షలో తప్పినదానిని నిలిపివేసి, కారణము వెదకి, యాబది ఏండ్లు ఓపికపట్టి సరిదిద్దుకొన్న శాస్త్రమును చూచి విద్యార్థికి కలుగు విశ్వాసము, జయములను మాత్రమే వినినప్పటి విశ్వాసముకంటె గట్టిది.

ఇకముందు వ్రాయవలసిన పాఠము

ఆశ్చర్యమేమనగా, ఈ లోపమును పూరించుటకు కావలసిన సాధనము ఆ పాఠములోనే ఉన్నది. విరేచనములు పట్టుకొన్న బిడ్డను గూర్చి అది వేసిన ప్రశ్నలను, జలుబు చేసిన బిడ్డను గూర్చియు వేసినచో చాలును. ఈ బిడ్డకు ఊపిరి ఆడకుండుటకు మొదటి కారణము వైరసు. ఆ వైరసు ఎక్కడిది? బడినుండి వచ్చిన అన్న చేతులది. అదే వైరసు పొరుగింటి బిడ్డకును సోకినది గదా, ఈ బిడ్డకే ఏల ముదిరినది? ఈ బిడ్డ నెలలు నిండక పుట్టినది. లేక తల్లిపాలు చాలలేదు. లేక ఇంటినిండ పొయ్యి పొగ. శ్వాస వేగమైనను ఏల ఆలస్యమైనది? లెక్కించుట ఎవరికిని తెలియదు. తెలిసినను ప్రాణవాయువు గల ఆసుపత్రి చాల దూరము. ముందు చెప్పిన 2019నాటి అంచనాలో, ఆర్.ఎస్.వి. మరణములలో నూటికి 97కు పైగా అల్ప, మధ్యాదాయ దేశములలోనే సంభవించినవి. వైరసు అన్ని దేశములలోను ఒక్కటే. మరణములు మాత్రము పేదవారి ఇండ్లలో ఎక్కువ. విరేచనముల బిడ్డ విషయమున ఆ పాఠము చేరుకొన్న నిర్ణయమే ఇదియును.

కాబట్టి జలుబును నిరపాయమైన వ్యాధికి ఉదాహరణముగా చూపదలచినవారు ఆ వాక్యమునకు వయస్సును చేర్పవలెను. ఆరోగ్యముగా నున్న పెద్దవారికిని, పెద్ద పిల్లలకును అది సాధారణముగా నిరపాయము. పసివారికిని, మిక్కిలి వృద్ధులకును, గుండె, ఊపిరితిత్తుల వ్యాధులు గలవారికిని అట్లు కాదు. ఒక్క వాక్యము పెరిగినంత మాత్రమున పాఠ్యభారము పెరుగదు.

పుస్తకము మారువరకు ఉపాధ్యాయులు వేచియుండ నవసరము లేదు. నల్లబల్లపై రెండు గొట్టములను గీసి నాలుగవ ఘాతపు లెక్క చేయించుడు. ఇంటివద్ద నిద్రించుచున్న తమ్ముని, చెల్లెలి శ్వాసలను గడియారము చూచుచు ఒక నిమిషము లెక్కించి వ్రాసికొని రమ్మనుడు. వయసునుబట్టి ఆ సంఖ్యలను పట్టికగా వ్రాయించుడు. ఆరోగ్యముగా ఉన్నపుడు తమ్ముని శ్వాస ఎట్లుండునో ఎరిగిన విద్యార్థి, జలుబు చేసినపుడు దాని తేడాను ఇంటిలో అందరికంటె ముందుగా కనిపెట్టగలడు.